కుడి బొటనవేలా, ఎడమ బొటనవేలా?

అమెరికాలో ఒక వడ్రంగి సుత్తి జారి కుడి బొటనవేలు నలిగి, గోరు నల్లబడితే ఆ దెబ్బకొక సంకేతమున్నది: ఎస్ 60.111ఎ. ఏ వేలు, ఏ చేయి, గోరు చెడినదా లేదా, ఇది తొలి చికిత్సయా మలి చికిత్సయా, అన్నీ ఆ ఏడు అక్షరాలలోనే ఇమిడి ఉంటాయి. ఎడమచేయి అయితే ఎస్ 60.112ఎ. హైదరాబాదులో, చెన్నైలో కూర్చుని ఈ సంకేతాలు వేస్తున్నవారిలో మన పిల్లలు ఎందరో ఉన్నారు.

అదే దెబ్బ ఉదయగిరిలో కొయ్య చెంచాలు చెక్కే పనివానికి తగిలితే మన ఓపీ చీటీలో పడే మాటలు తరచుగా రెండే: "వేలికి దెబ్బ". దానికింద నొప్పి మాత్ర, ధనుర్వాతం సూది, కట్టు. దూరదేశపు బొటనవేలికి ఏడక్షరాలు రాయగల జాతి తన ఊరి బొటనవేలికి నాలుగు మాటలు రాయలేదా?

నల్లబడిన గోటికి ఇంత రాద్ధాంతమెందుకని కొందరు వైద్యమిత్రులే నవ్వుతారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణను ఒకసారి తిరగేయమని వారికి నా మనవి. అందులో కుడి ఎడమల పట్టింపు లేదు గాని, వేలి కమిలిన గాయాన్ని గోరు చెడనిది (ఎస్ 60.0), గోరు చెడినది (ఎస్ 60.1) అని రెండుగా విడదీశారు. తెగిన గాయానికీ అదే విభజన: ఎస్ 61.0, ఎస్ 61.1. ఆ గీత ఊరకే గీసినది కాదు. గోరు కింద నెత్తురు గడ్డకట్టిందంటే దాని అడుగునున్న మెత్తని పొర చిరిగి ఉండవచ్చు, వేలి చివరి ఎముక చిట్లి ఉండవచ్చు. ఎక్స్‌రే తీయకుండా కట్టుకట్టి పంపితే, కొన్ని నెలల తరువాత గోరు వంకరగా మొలిచినపుడో, వేలు చీము పట్టినపుడో గాని ఆ సంగతి బయటపడదు. చేతిగోరు పూర్తిగా తిరిగి పెరగడానికి దాదాపు ఆరు నెలలు పడుతుంది. ఉలిని అదిమిపట్టేది బొటనవేలే. నర్ది, బిక్కి వంటి కర్రలను చెంచాగా, గరిటెగా మలిచే వానికి ఆ ఆరు నెలలూ కూలి తెగినట్లే.

ఓపీలో రోగులు బారులు తీరి ఉంటారు, రాసే తీరిక ఎక్కడిదంటారా? తీరిక లేదన్నది నిజమే, కాదనను. కాని "కుడి బొటనవేలు, గోరు కింద రక్తం, చర్మం తెగలేదు, సుత్తి దెబ్బ" అని రాయడానికి పట్టేది పది పదిహేను క్షణాలు. సంకేతం వేసేవాడు వైద్యుడు రాయనిదాన్ని ఊహించి రాయకూడదు. చేయి ఏదో చెప్పకపోతే అమెరికా పట్టికలో అది "ఏ చేయో తెలియదు" అన్న ఎస్ 60.119 గదిలోకి పోతుంది. మన దగ్గర ఏ గదిలోకీ పోదు, చీటీతోపాటు చెత్తలోకి పోతుంది.

ఇక్కడే నా అసలు తగవు. 2025 దాకా అమలులో ఉన్న 1923 నాటి ఉద్యోగుల నష్టపరిహార చట్టం బొటనవేలు పోతే 30 శాతం, దాని చివరి కణుపు పోతే 20 శాతం సంపాదనశక్తి నష్టపోయినట్లు లెక్కించేది. ఆత్మకూరు వైపు ట్రాక్టరు ట్రక్కు తలుపులో వేలు నలిగిన కూలీ, మొదట కమిలిన గాయంగా వచ్చి, పిదప చీముపట్టి కణుపు తీసివేయవలసి వస్తే, తొలినాటి చీటీలో "వేలికి దెబ్బ" అని మాత్రమే ఉంటే, అది పనిలో తగిలిన దెబ్బేనని దేనితో రుజువు చేసుకుంటాడు? యజమాని తరఫు వకీలు అడిగే మొదటి ప్రశ్న అదే. కారణానికీ సంకేతాలున్నాయి: రెండు వస్తువుల నడుమ నలిగితే డబ్ల్యూ 23, కరెంటు లేని చేతి పనిముట్టయితే డబ్ల్యూ 27. సొంతంగా చెక్కుకునే పనివానికి ఆ చట్టం నీడ కూడా ఉండేది కాదు. అతని వృత్తిలో ఏ గాయాలు ఎన్ని అవుతున్నాయో లెక్కే లేనపుడు అతనికొక రక్షణ కావాలని ఎవరు, ఏ ఆధారంతో అడుగుతారు?

ఆస్పత్రుల రికార్డులలో ఐసీడీ 10 వాడాలని కేంద్రం 2016 ప్రమాణాలలోనే చెప్పింది. 2021 సెప్టెంబరులో డిజిటల్ మిషన్ వచ్చింది, మనిషికొక 14 అంకెల ఆభా సంఖ్య వచ్చింది. సంఖ్య బాగానే ఉన్నది, దానికింద ఏం నింపుతున్నాం?

వేలు నలిగితే చీటీ చేతికిచ్చినపుడు చదివించుకోండి. ఏ చేయో, గోరు సంగతేమో, చర్మం తెగిందో లేదో, ఏ పనిలో ఎలా తగిలిందో అందులో లేకపోతే "అయ్యా, ఇది కూడా రాయండి" అని అడగండి. ఆ చీటీ ఫొటో ఒకటి ఫోనులో దాచుకోండి.