శ్రీలంకను చూపించి పునుకులను కొట్టేస్తారా?

హైదరాబాద్ అశోక్‌నగర్‌లో చేతులు మారే పోటీ పరీక్షల నోట్సుల్లో ప్రత్యామ్నాయ వ్యవసాయానికి ఒక జవాబు అచ్చులో పోసినట్టు ఉంటుంది. శ్రీలంక సేంద్రియానికి మారింది, పంట పడిపోయింది, దేశం రోడ్డున పడింది, కనుక మనకది వద్దు. చిక్కడపల్లి సెంట్రల్ లైబ్రరీలో దాన్ని బట్టీ పడుతున్న వాళ్లలో చాలామంది రైతుబిడ్డలే. మెస్ బిల్లు కట్టేది ఇంటిదగ్గర పత్తి అమ్మిన డబ్బుతోనే. అందుకే ఈ జవాబును ఊరికే వదిలెయ్యబుద్ధి కావడం లేదు.

శ్రీలంకలో జరిగింది చూద్దాం. 2021 ఏప్రిల్‌లో గొటబాయ రాజపక్స ప్రభుత్వం రసాయన ఎరువులు, పురుగుమందుల దిగుమతిని ఒక్కసారిగా ఆపాలని నిర్ణయించింది. డాలర్ల కరువు కూడా అందుకు ఒక కారణం. బదులుగా వేయడానికి రైతు చేతిలో ఏమీ పెట్టలేదు, నేర్పించనూ లేదు. వరి, తేయాకు దెబ్బతిన్నాయి. నవంబరుకల్లా నిషేధం ఎత్తేశారు. ఇందులో పరీక్షకు నిలిచి ఓడింది ఏ సాగు పద్ధతి? ఒక్కటీ లేదు. అక్కడ విఫలమైంది ఒక ఉత్తర్వు.

పద్ధతికి పరీక్ష జరిగిన ఊరు మన దగ్గరే ఉంది. పాల్వంచ దగ్గరి పునుకుల, అప్పటి ఖమ్మం జిల్లా. పత్తికి పురుగుమందు అప్పుగా ఇచ్చేదీ, వడ్డీ కట్టించుకునేదీ, చివరికి పత్తి కొనేదీ ఒకే దుకాణం. ధర ఎవరు చెబుతారో వేరే చెప్పాలా? సెక్యూర్ అనే స్వచ్ఛంద సంస్థ సాయంతో కొద్దిమంది రైతులు 1999 ప్రాంతంలో మందు కొట్టడం మానేశారు. అలాగని చేతులు కట్టుకుని కూర్చోలేదు. వేపగింజల కషాయం, పచ్చిమిర్చి-వెల్లుల్లి కషాయం కాచారు. లింగాకర్షక బుట్టలు కట్టారు. పురుగును పక్కకు లాగే ఎర పంటలుగా ఆముదం, బంతి వేశారు. పిచికారీ సొమ్ము ఇంట్లో మిగలడం చూసి మిగతావాళ్లు కదిలారు. మగవాళ్లు తటపటాయించిన చోట పట్టుబట్టింది మహిళా సంఘాలే. 2004 నాటికి పంచాయతీ తమది పురుగుమందులు లేని ఊరని ప్రకటించింది, మందుల వ్యాపారులను ఊళ్లోకి రావద్దంది.

నోట్సు జవాబులో అసలు లోపం ఇక్కడే బయటపడుతుంది. పునుకుల ముందు వదిలింది పురుగుమందును, యూరియాను కాదు. ఈ రెంటినీ ఒకే గాటన కట్టేస్తే శ్రీలంక వాదం సులువుగా నడుస్తుంది, విడదీస్తే కుంటుతుంది. గ్రామీణ పేదరిక నిర్మూలన సంస్థ (సెర్ప్) పునుకుల పద్ధతినే మహిళా సంఘాల ద్వారా ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ అంతటికీ తీసుకెళ్లింది. ప్రపంచ బ్యాంకు 2009లో అచ్చువేసిన అధ్యయనం ప్రకారం మూడు లక్షలకు పైగా రైతులు 13.6 లక్షల ఎకరాల్లో దీన్ని పాటించారు. దిగుబడి చెప్పుకోదగ్గంత తగ్గలేదు, ఖర్చు తగ్గింది.

బీటీ పత్తి వచ్చాకే మందులు తగ్గాయనే వాదన కూడా ఉంది. మిరపకు, కందికి బీటీ విత్తనం ఎక్కడుంది? పత్తిలోనైనా గులాబీరంగు పురుగు దాన్ని తట్టుకోవడం నేర్చి ఏళ్లయింది.

ఇంకొకరు ఆర్గానిక్ షాపు రేటు చూపిస్తారు. నారాయణగూడ మార్కెట్లో ఒక ధర, అద్దాల షాపులో ఇంకో ధర, కాబట్టి ఇది ఉన్నోళ్ల తిండి అంటారు. ఆ రేటులో సర్టిఫికెట్ ఖర్చు, ప్యాకింగు, షాపు అద్దె అన్నీ కలిసి ఉంటాయి. మందులు మానిన రైతుకు లాభం అక్కణ్ణుంచి రాలేదు. పంటను మామూలు ధరకే అమ్మినా, డీలరుకు పోయేది మిగిలింది.

దీని అర్థం ప్రకృతి వ్యవసాయ భక్తులు చెప్పేదంతా వేదమని కాదు. ఒక్క ఆవుతో ముప్పై ఎకరాలు పండుతాయన్న సుభాష్ పాలేకర్ మాటను అడగకుండా ఒప్పుకోవలసిన పని లేదు. ఆయన పద్ధతిపై 2019లో జాతీయ వ్యవసాయ శాస్త్రాల అకాడమీ లేవదీసిన అభ్యంతరాల్లో పస ఉంది. వరికి కావలసిన నత్రజని అంతా ఎక్కణ్ణుంచి వస్తుందో లెక్క చూపాల్సిందే. పచ్చిరొట్ట, పప్పుధాన్యాలు, పశువుల ఎరువు ఎంతవరకు పూడుస్తాయో నేలను బట్టి, పంటను బట్టి తేల్చాలి. కూలి కూడా ఎక్కువే. కషాయం ఎవరో ఒకరు కాచాలి కదా, ఆ ఎవరో సాధారణంగా ఆడవాళ్లే.

ఎరువు ఆగితే రైతు ఏమవుతాడన్న శ్రీలంక పాఠం కావాలంటే, దాన్ని 2025 ఆగస్టులో తెలంగాణ సహకార సంఘాల ముందు చెప్పులు, పాసుపుస్తకాలు వరుసలో పెట్టి యూరియా కోసం కాచుక్కూర్చున్న రైతుల దగ్గర తీసుకోవచ్చు. ఇక్కడ ఎవరూ నిషేధించలేదు, బస్తా రాలేదంతే. వచ్చినప్పుడు కూడా, 45 కిలోల బస్తా రైతుకు 266 రూపాయల 50 పైసలకు దొరుకుతోందంటే అసలు ధరలో అధిక భాగం ఖజానా మోస్తోంది. పొటాష్ దాదాపు మొత్తం దిగుమతే. నేలమీద చల్లిన యూరియాలో పైరు తీసుకోని భాగం కొంత నీటిలో నైట్రేటుగా, కొంత గాలిలో నైట్రస్ ఆక్సైడుగా కలుస్తుంది. ఆ వాయువు బొగ్గుపులుసు వాయువుకన్నా 250 రెట్లకు పైగా వేడిని పట్టి ఉంచుతుంది. దిగుబడి పతనానికి ఒక పేరా కేటాయించిన నోట్సులో ఈ ఖర్చులకు ఒక్క వాక్యమైనా ఉండొద్దా?