పైరసీకి మన ఊళ్లలోనే అడ్డుకట్ట పడాలి



కొత్త సినిమా విడుదలైన రెండో రోజుకే మా చెరుకుపల్లి టీకొట్ల దగ్గర కుర్రాళ్ల ఫోన్లలో ఆడుతోంది. తప్పు కదా అంటే, ‘కోట్లు తీసుకునే హీరోకి మన వంద రూపాయలు ఒక లెక్కా?’ అంటున్నారు. ఆ ప్రశ్నకు జవాబుగానే ఈ లేఖ రాస్తున్నాను.

పైరసీ వల్ల నష్టమేమీ లేదనడానికి వాళ్లు చూపించే ఉదాహరణ ‘అత్తారింటికి దారేది’. 2013 సెప్టెంబరులో విడుదలకు ముందే అందులో సగం బయటికొచ్చేసింది. కృష్ణా జిల్లా పెడనలో సీడీలు అమ్మారు. అక్టోబరులో రావలసిన సినిమాను సెప్టెంబరు 27నే విడుదల చేశారు. అయినా బ్రహ్మాండంగా ఆడింది, కాదనను. కానీ దానికి పవన్ కల్యాణ్ అభిమానుల అండ ఉంది. అప్పు చేసి తీసిన చిన్న సినిమాకు ఆ అండ ఎక్కడిది? ‘బాగుందిరా’ అన్న నోటిమాటే దానికి ప్రాణం. ఆ మాట విన్నవాళ్లు ఫోన్లో చూసేస్తే వారం తిరక్కుండానే హాల్లోంచి తీసేస్తారు. అప్పుడు మునిగేది నిర్మాత, హాలు లీజుదారు, గేటు దగ్గర టికెట్ చింపేవాడు, సైకిల్ స్టాండు, క్యాంటీన్ నడుపుకునేవాళ్లు.

పైరసీ సాగుతున్నది చట్టం లేక కాదు. 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టాన్ని సవరించి 3 నెలల నుంచి 3 ఏళ్ల వరకు జైలు, కనీసం 3 లక్షల రూపాయల జరిమానా పెట్టారు. అయినా 2025 ఫిబ్రవరిలో ‘తండేల్’ విడుదలైన కొద్దిరోజులకే దాని దొంగకాపీని ఆర్టీసీ బస్సులో వేశారు. అదే ఏడాది నవంబరులో పైరసీ సైటు ఐబొమ్మను నడుపుతున్నాడన్న ఆరోపణపై హైదరాబాద్ పోలీసులు ఒకరిని అరెస్టు చేశారు. మంచిదే. కానీ చూసేవాళ్లున్నంత కాలం ఒక సైటు పోతే ఇంకొకటి పుడుతుంది. అందుకే మండల స్థాయిలో కేబుల్ ప్రసారాల మీద, బస్సుల మీద, సినిమాలు ఎక్కించి ఇచ్చే సెల్ షాపుల మీద పోలీసుల నిఘా ఉండాలి.

నిర్మాతలకూ ఒక మాట. ప్రత్యేక అనుమతులతో టికెట్ రేట్లు పెంచుకుంటూ పోతే కూలి చేసుకునే కుటుంబం హాలుకెలా వస్తుంది? రేటు అందుబాటులో ఉంచండి. అయితే రేటు ఎక్కువైతే చూడటం మానుకోవచ్చు గానీ, దొంగిలించే హక్కు రాదు.

చిర్రావూరు సావిత్రిని, బుర్రిపాలెం కృష్ణను, తెనాలి చక్రపాణిని సినిమాకిచ్చిన నేల మనది. రేపు ఇక్కడి నుంచే ఓ కుర్రాడు వెళ్లి తొలి సినిమా తీస్తే, దాన్ని మొదట దొంగచాటుగా చూసేది మనమే కాకూడదు.

– ఒక పాఠకుడు,
చెరుకుపల్లి, బాపట్ల జిల్లా