లేని పాట, లేని కవి

పుస్తకంలో తప్ప ఎక్కడా లేని పాట ఒకటి చంద్రమండలం దాకా వెళ్లింది. ఆ పాట కట్టిన కవి పేర అక్కడ ఒక గుంట కూడా వెలిసింది. ఆ కవీ తల్లి కడుపున పుట్టినవాడు కాదు. ఇదెలా జరిగిందో చెప్పాలంటే ఒక బ్యాంకు ఉద్యోగిని దగ్గరనుంచి మొదలుపెట్టాలి.

అమెరికాలోని ఇండియానాపొలిస్ నగరంలో కేథరిన్ మూర్ అనే అమ్మాయి బ్యాంకులో పనిచేసేది. అవి ఆర్థిక మాంద్యం రోజులు. చేతిలో వున్న ఉద్యోగం నిలుపుకోవడమే గగనం. కథలు రాసి డబ్బు తీసుకుంటున్నదని పైవాళ్లకు తెలిస్తే ఏం ముప్పు వస్తుందోనని ‘సి. ఎల్. మూర్’ అని పొడి అక్షరాలు పెట్టుకుంది. 1933 నవంబరులో ‘వియర్డ్ టేల్స్’ పత్రికలో ఆమె కథ ‘షాంబ్లో’ పడింది. అందులో నార్త్‌వెస్ట్ స్మిత్ అనే మొరటు మనిషి, గ్రహాల మధ్య దొంగబేరాలు చేసుకు తిరిగేవాడు, కుజగ్రహం మీద ఒక చోట ‘భూమి పచ్చకొండలు’ అనే పాట కూనిరాగం తీస్తాడు. అంతే. పాటలో ఏముందో ఆమె చెప్పలేదు. చెప్పకపోవడమే మేలైంది. తుపాకి నడుముకు కట్టుకు తిరిగేవాడికి కూడా ఇంటి మీద బెంగ వుంటుందని ఆ పేరొక్కటే చెప్పేసింది.

(ఆ పొడి అక్షరాలు చూసి మగవాడనుకుని హెన్రీ కట్నర్ అనే రచయిత ఆమెకు అభిమానంగా ఉత్తరం రాశాడు. 1940లో ఆ ‘మూర్ గారి’నే పెళ్లాడాడు. ఇటువంటి పెళ్లిచూపులు మనం కథల్లో రాస్తే సంపాదకులు తిప్పి పంపుతారు.)

రాబర్ట్ హైన్‌లైన్ నౌకాదళంలో పనిచేసి, క్షయ సోకడం వల్ల 1934లో బయటికి వచ్చినవాడు. ఓడలంటే ఏమిటో, ఓడవాళ్లంటే ఎవరో ఎరిగినవాడు. మూర్ కథలోని ఆ పాట పేరు తీసుకుని, అదే పేరుతో కథ రాశాడు. 1947 ఫిబ్రవరిలో ‘సాటర్డే ఈవినింగ్ పోస్ట్’ దాన్ని వేసుకుంది. అదీ ఇంటిల్లిపాదీ చదివే బొమ్మల వారపత్రికే.

కథలో రైస్లింగ్ అనేవాడు అణుశక్తితో నడిచే అంతరిక్ష నౌకలో యంత్రాల గది మనిషి. ఒక ప్రయాణంలో యంత్రం గాడి తప్పితే చక్కదిద్దబోయి కళ్లు పోగొట్టుకున్నాడు. ఆ తరువాత అతనిది తంబురా పట్టుకు ఊరూరా తిరిగే బైరాగి బతుకే. తంబురాకు బదులు అకార్డియన్, ఊళ్లకు బదులు గ్రహాలు. ఎక్కిన ఓడకల్లా పాటే కిరాయి. కుజగ్రహం మీద కాలవ ఒడ్డున గంధర్వనగరం లాంటి బురుజులు వుండేవి. కర్మాగారాలు వచ్చి ఆ అందమంతా పాడైంది. రైస్లింగుకు కనిపించదు గనక అతని పాటల్లో అది పాత శోభతోనే వుండిపోయింది. చూపున్న నావికులు చూపులేనివాడి పాటలు పాడుకుంటూ ఓడలు నడిపారు! కథ మొత్తంలో నాకు నచ్చిన చోటు ఇదే.

చివరికి ముసలితనంలో భూమికి పోదామని ఒక ఓడ ఎక్కుతాడు. దారిలో ప్రమాదం జరిగి యంత్రాల గదిలో వున్న కుర్రవాడు చనిపోతాడు. రైస్లింగ్ చేతి తడువుతోనే మీటలు సవరిస్తాడు. ఆ గదిలో వున్నవాడు బతకడని అతనికి తెలుసు. తన గొంతు రికార్డు చేయమని కెప్టెనుకు కబురు చెప్పి, ఒక చేత్తో పని చేస్తూ పచ్చకొండల పాట ఆఖరి చరణం పూర్తి చేస్తాడు. ఓడ ఇల్లు చేరుతుంది.

కథల్లో అలాగే వుంటుంది, నిజంగా పైకి వెళ్లేవాళ్లకు పాటలు గుర్తొస్తాయా అని అడగవచ్చు. 1961 ఏప్రిల్ 12న భూమిని చుట్టి వచ్చిన గగారిన్ దిగివచ్చే వేళ, దూరాన ఎగిరే కొడుకును కనిపెట్టుకుని వుండే మాతృభూమి మీద షొస్తకోవిచ్ వరస కట్టిన పాట పాడుకున్నాడని ప్రసిద్ధి. హైదరాబాదులో చదువుకున్న రాకేశ్ శర్మ సంగతి మనకు తెలిసిందే. పైనుంచి భారతదేశం ఎలా కనిపిస్తున్నదని 1984లో ఇందిరాగాంధీ అడిగితే, కొండలూ నదులూ వర్ణించలేదు. ఇక్బాల్ గీతం మొదటి మాటలు అప్పజెప్పాడు.

చంద్రుడి మీదికి వెళ్లినవాళ్లు దారి తెలుసుకున్నది మాత్రం నక్షత్రాలతోనే. అందుకు 37 తారలు ఏర్పరుచుకున్నారు. వాటిలో మూడింటికి వ్యోమగామి గ్రిస్సమ్ తమాషాకు తనదీ, తన జతగాళ్లిద్దరిదీ పేర్లు తిరగేసి పెట్టాడు. 1967 జనవరిలో ఆ ముగ్గురూ నౌకలో మంటలు చెలరేగి పోయారు. తమాషా పేర్లు అలాగే వుంచేశారు. తరువాతివాళ్లు ఆ తారలనూ గురి చూసుకుంటూ ప్రయాణం చేశారు.

అటువంటివాళ్లకు రైస్లింగ్ పరాయివాడు ఎందుకవుతాడు? 1971 జూలైలో అపొలో 15 వాళ్లు దిగిన హ్యాడ్లీ లోయ దగ్గర ఒక గుంటకు అతని పేరు పెట్టారు. స్కాట్, ఇర్విన్ మోటారు బండి తోలుకుంటూ ఆ చుట్టుపక్కలే తిరిగారు. పని ముగిసే వేళకు హ్యూస్టన్ నుంచి వాళ్లతో మాట్లాడుతున్న జో అలెన్, అంతరిక్ష కవి రైస్లింగ్ అన్నట్టు అంటూ, పచ్చకొండల పాట ఆఖరి మాటలతోనే ఇంటికి రమ్మని పిలిచాడు.

అలెన్ అప్పటికి భూమి విడిచి వెళ్లినవాడు కాదు. అతని వంతు 1982లో వచ్చింది.