ఎడారి అని చెప్పి నన్ను ఆపొద్దు

మా ఊరి నుండి బస్సు దొరికే రోడ్డుకు నాలుగు కిలోమీటర్ల నడక. మా అన్న మూడేండ్లు ఆ దోవన ఒక్కడే నడిచి పావగడలో చదివినాడు. ఎవరూ ఏమీ అనలేదు. నాకు తోడొచ్చే అక్క పోయిన ఏడాది పది ముగించింది. అప్పటినుండి ఊళ్లో ఒకటే మాట: "ఎడారి మాదిరి దోవ, ఆడపిల్ల ఒంటిగా ఎట్ల పోతుంది? చదువు చాలించండి."

ముందు ఆ ఎడారి సంగతి చూద్దాం. ఏడాదికి 250 మిల్లీమీటర్ల లోపు వాన పడే నేలను ఎడారి అంటారని చదువుకున్నాం. మన తాలూకాలో దాదాపు దానికి రెట్టింపు పడుతుంది. ఇది కరువు నేలే, బోరు నీళ్లలో ఫ్లోరైడు ఉన్నమాటా నిజమే. అయినా ఇక్కడ శెనక్కాయ పండుతుంది. తిరుమణి వైపు 13,000 ఎకరాల్లో 2,050 మెగావాట్ల సోలార్ పార్కు పెట్టి, ఆ భూములకు రైతులకు కౌలు ఇస్తున్నారు. వట్టి ఎడారికి ఎవరైనా కౌలు కడతారా?

నిజమైన ఎడారిలోనే నడిచిన ఆడమనిషి ఉంది. 1977లో రాబిన్ డేవిడ్‌సన్ నాలుగు ఒంటెలు, ఒక కుక్కతో ఆస్ట్రేలియాలోని అలిస్ స్ప్రింగ్స్ నుండి హిందూ మహాసముద్రం దాకా సుమారు 2,700 కిలోమీటర్లు నడిచింది. ధైర్యం ఒక్కటే నమ్ముకోలేదు. ఒంటెల పని ముందుగా నేర్చుకుని బయలుదేరింది.

నేనూ నేర్చుకున్నాను. మా అవ్వ వెంట ఎండాకాలమంతా ఆ దోవ నడిచినాను. ఏ చింతచెట్టు కింద ఆగాలో, ఏ బండల సందున పాములుంటాయో, గొర్రెల కాపరులు ఏ వేళకు ఎక్కడ ఉంటారో నాకు తెలుసు. ఇంటినుండి నీళ్ల సీసా లేకుండా కదలను. అవ్వ ఒక మాట చెప్పింది: "దోవ తెలిస్తే సగం భయం పోతాదే. మిగిలిన సగం మనుషుల వల్లనే."

పెద్దలు నా మంచికే చెబుతున్నారు, కాదనను. కానీ భయం మనుషుల వల్ల అయితే ఆపవలసింది వాళ్లను కదా, నన్నెందుకు ఆపాలి? బడి వేళకు ఊళ్లోకి ఒక బస్సు అడగండి. చెరువు కట్ట మలుపులో ఒక దీపం అడగండి. అవి అడగడం కష్టం, ఆడపిల్లను ఇంట్లో కూర్చోబెట్టడం సులభం. అందుకే ఆ నేలకు ఎడారి అని పేరు పెడుతున్నారు.

బస్సు వచ్చేవరకు నేను నడుస్తాను. అమ్మా, నా చదువు మాత్రం ఆపొద్దు.