జైరాజ్‌కు యాస అడ్డం రాలేదు

కరీంనగర్ అనగానే వెండి తీగపని గుర్తుకొస్తుంది. 1988 జ్ఞానపీఠ పురస్కారం అందుకున్న మన హనుమాజీపేట సి. నారాయణరెడ్డి గారు గుర్తుకొస్తారు. మంచిదే. కాని అంతకు ముందే, 1980లో, సినిమా రంగంలో దేశమిచ్చే అతి పెద్ద గౌరవం దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు ఇక్కడ పుట్టిన మనిషికి దక్కిందని మనలో ఎందరికి తెలుసు? ఆయన పేరు పైడి జైరాజ్.

1909 సెప్టెంబరు 28న కరీంనగర్‌లో పుట్టారు. హైదరాబాదు నిజాం కాలేజీలో చదివి బొంబాయి దారి పట్టారు. 1929లో మూకీ చిత్రాల్లో అడుగు పెట్టారు. అప్పటికి తెలుగు టాకీ అన్నదే లేదు. 'భక్త ప్రహ్లాద' వచ్చింది 1932లో.

1931లో 'ఆలం ఆరా'తో హిందీ తెరకు మాట వచ్చింది. అంతదాకా ముఖం చూపి మెప్పించిన తారలంతా నోరు విప్పక తప్పలేదు. మూకీల్లో మహారాణిలా వెలిగిన సులోచన అంతటి నటి హిందుస్తానీ నేర్చుకోవడానికి కొంతకాలం తెరకు దూరంగా ఉండవలసి వచ్చింది. జైరాజ్ మాత్రం టాకీల్లోనూ హీరోగా నిలబడ్డారు. 1956 నాటి 'హాతిం తాయి'లోనూ హీరో ఆయనే.

నటనతో ఆగలేదు. 1945లో బాంబే టాకీస్ వారి 'ప్రతిమ'కు దర్శకత్వం వహించారు. అందులో నటించిన దిలీప్ కుమార్‌కు అది రెండో సినిమా మాత్రమే. 1951లో నర్గీస్ నాయికగా 'సాగర్' చిత్రాన్ని తానే నిర్మించి తానే డైరెక్టు చేశారు. నిర్మాత బతుకు మా రైతుల బతుకు లాంటిదే. పెట్టుబడి ముందు, పంట వెనక, నడుమ వాన ఎవరి చేతిలోనూ ఉండదు.

బొంబాయిలో ఆయన అట్లా నిలదొక్కుకోవడానికి ప్రతిభ ఒక్కటే కారణమా? ప్రతిభ లేకుంటే ఏదీ లేదు, ఒప్పుకుంటాను. కాని ఉర్దూ రాజభాషగా ఉన్న నిజాం రాజ్యంలో పుట్టి పెరగడం కూడా ఆయనకు ఆస్తి అయిందని నా అభిప్రాయం. మా బాపు బడికి పోలేదు. అయినా పహాణీ, నక్షా, ఖరీఫు, రబీ అన్న మాటలు ఆయన నోట్లో నాగలి, కర్రు అన్నంత సహజంగా పలుకుతయి. ఆదిలాబాద్ నుంచి వచ్చిన మా హాస్టలు మిత్రులు కొందరు తెలుగు, గోండి, మరాఠీ, ఉర్దూ నాలుగూ మాట్లాడగలరు. ఇది సంపద కాక ఏంది?

ఈ సంపదనే చూసి నవ్వేవాళ్ళున్నారు. ఒకచోట ఇంటర్వ్యూలో నేను 'పరేషాన్' అన్నందుకు ముసిముసి నవ్వులు నవ్వారు. 'శుద్ధమైన తెలుగు రాదా?' అని అడిగారు. సైన్సు విద్యార్థిగా నాకు తెలిసిన జవాబు ఒక్కటే. పూర్తిగా శుద్ధమైన సిలికాన్‌లో కరెంటు సరిగా పారదు. కాసింత బోరాన్ గాని, ఫాస్ఫరస్ గాని కలిస్తేనే అది ట్రాన్సిస్టర్‌కు పనికొస్తుంది. మన భాషా అంతే. కలిసింది కాబట్టే పారుతున్నది.

గ్రామీణ విద్యార్థులు సెమినార్లలో నోరు మెదపకపోవడానికి తెలివి తక్కువై కాదు, యాస బయటపడుతుందన్న భయంతో. ఈ భయం మార్కులను తింటున్నది, ఉద్యోగాలను తింటున్నది. దీన్ని పోగొట్టే బాధ్యత అధ్యాపకులకూ ఉంది, యూనియన్‌కూ ఉంది.

2000 ఆగస్టులో ముంబయిలో కన్నుమూసిన జైరాజ్ పేరు హైదరాబాదు రవీంద్రభారతిలోని ప్రివ్యూ థియేటరుకు పెట్టారు. నేను విగ్రహం అడగడం లేదు. ఏటా సెప్టెంబరు 28న మన కాలేజీలో ఆయన సినిమా ఒకటి వెయ్యండి. 'షోలే' అయినా సరే, అందులో పోలీసు కమిషనరుగా కనిపించేది ఆయనే. సినిమాకు ముందు పరిచయ ప్రసంగం ఒక విద్యార్థి తన ఇంటి మాటలోనే చెయ్యాలి. అయ్యే ఖర్చు ఒక ప్రొజెక్టరు, ఒక సాయంత్రం.