ఇంటి బీరువాలో చిత్రకారుల పుస్తకం ఒకటైనా ఉండాలి

మన కుటుంబాల్లో వంశచరిత్రలు రాసుకోవడం ఈమధ్య బాగా పెరిగింది. సంతోషమే. కానీ ఎవరిది తీసినా కథ ఒకే తీరులో మొదలవుతుంది. రాయలవారి దండుతో వచ్చాం, నాయకరాజుల కొలువులో ఉన్నాం, ఫలానా ఊళ్లో మాన్యం పుచ్చుకున్నాం. కత్తి పట్టుకుని వచ్చినవాళ్లు, గంటం పట్టుకుని వచ్చినవాళ్లు అందులో ఉంటారు. కుంచె పట్టుకుని వచ్చినవాళ్లు మాత్రం ఎక్కడా కనబడరు.

అందుకే మేము ఒక మాట గట్టిగా చెప్పదలచుకున్నాం. తెలుగునాడుకు బయట స్థిరపడ్డ ప్రతి ఇంట్లో చిత్రకారుల గురించి, వాళ్ల పని గురించి రాసిన పుస్తకాలు నాలుగైనా ఉండాలి. మనం ఎవరం అన్న ప్రశ్నకు వంశవృక్షం చెప్పని జవాబు వాటిలో దొరుకుతుంది. పైగా, తెలుగు మాట్లాడ్డం వచ్చి చదవడం రాని మన పిల్లలు ఎవరి సాయమూ లేకుండా తెరిచి చూడగలిగేవి కూడా అవే.

తమిళనాడులో ఉన్నవాళ్లం మొదట చూడవలసింది జయా అప్పస్వామి రాసిన 'తంజావూర్ పెయింటింగ్ ఆఫ్ ది మరాఠా పీరియడ్'. 1980లో వచ్చింది. ఆవిడ శాంతినికేతన్‌లో చదువుకున్న చిత్రకారిణి, కళావిమర్శకురాలు. మన పూజగదుల్లో తరతరాలుగా కుంకుమ బొట్లు పెట్టించుకుంటూ వస్తున్న వెన్నకృష్ణుడు, పట్టాభిరాముడు అసలు ఎలా తయారయ్యారో తెలుసుకోవాలంటే ఇలాంటి పుస్తకమే కావాలి. చెక్కపలక మీద గుడ్డ అంటించి, సుద్ద, జిగురు కలిపిన పూత పూసి, నగలు, మండపం ఉన్నచోట ఉబ్బెత్తుగా పోసి, ఆపైన బంగారు రేకు అద్ది, రాళ్లు పొదిగితే ఆ పటం అవుతుంది. ఇందులో ఒక్క పొర తెలియకపోయినా ఇంట్లో ఉన్నదాని విలువ మనకు తెలియదు.

తెలియకపోతే ఏమవుతుందో మనం చూస్తూనే ఉన్నాం. పాత ఇల్లు అమ్మేటప్పుడు, అన్నదమ్ములు పంచుకునేటప్పుడు, ఆ పటం ఎవరికీ అక్కర్లేని సామానైపోతుంది. పాతసామాన్ల వ్యాపారికి అది పోతుంది, లేదంటే వెలిసిపోయిందని కొత్త రంగు వేయిస్తారు. అమ్ముకోవద్దని మేము అనడం లేదు, ఇబ్బందులు ఎవరికైనా ఉంటాయి. ఏమి అమ్ముతున్నామో తెలిసి అమ్మాలి కదా!

ఇంకో సంగతి. ఈ పటాలు వేసినవాళ్లలో తంజావూరు, తిరుచ్చి వైపు రాజులు, మదురై వైపు నాయుళ్లు ముఖ్యులని, వాళ్లు తెలుగు మాట్లాడే కుటుంబాలవాళ్లని కళాచరిత్రకారులు చెబుతారు. అది వినగానే 'తంజావూరు బొమ్మ మనదే' అనాలనిపిస్తుంది. అక్కడ కాస్త ఆగాలి. పోషించింది మరాఠా రాజులు. పూజించింది తమిళనాట అన్ని భాషల ఇళ్లవాళ్లూ. వేసిన చేతుల్లో కొన్ని మనవి. ఇది గొప్పలు చెప్పుకునే చరిత్ర కాదు, నలుగురితో కలిసి బతికిన చరిత్ర. మనకు అదే సరిపోయే చరిత్ర అని మా నమ్మకం.

గొప్పలకు పోకుండా ఆపే పుస్తకం మరొకటి రూపికా చావ్లా రాసిన 'రాజా రవివర్మ: పెయింటర్ ఆఫ్ కలోనియల్ ఇండియా' (2010). ఆమె వృత్తిరీత్యా పాత చిత్రాలను బాగుచేసే మనిషి. రవివర్మ జీవితచరిత్రల్లో ఒక ఘట్టం తప్పకుండా వస్తుంది. తిరువాంకూరు ఆస్థానంలో మదురైకి చెందిన రామస్వామి నాయకర్ అనే చిత్రకారుడు ఉండేవారు. నాయకర్ అనగానే మనం చెవులు రిక్కిస్తాం. తీరా చూస్తే ఆయన, కుర్ర రవివర్మకు తైలవర్ణాల కిటుకు చెప్పడానికి ఇష్టపడని మనిషిగా కథలోకి వస్తారు! చాటుగా సాయం చేసింది ఆయన శిష్యుడు ఆర్ముగం పిళ్లై. విద్య దాచుకున్నవాడి ఊసు ఇవాళ ఒక్క వాక్యానికి మించి రాదు. 1894లో బొంబాయిలో ముద్రణాలయం పెట్టి, తన లక్ష్మీ సరస్వతులను ఇంటింటి గోడకూ పంపినవాడు మాత్రం అందరివాడయ్యాడు. బొంబాయి, పుణె, షోలాపూర్లలో ఉన్న మనవాళ్ల ఇళ్లలో ఆ అచ్చుబొమ్మలు ఎన్ని వేలాడి ఉంటాయో!

మూడోది ఆనా దల్లాపిక్కోలా రాసిన 'కలంకారీ టెంపుల్ హాంగింగ్స్' (2015). లండన్ విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఉన్న దక్షిణాది కలంకారీ తెరల గురించి రాసిన పుస్తకం. కరక్కాయ, పాలల్లో నానబెట్టిన గుడ్డ మీద, ఇనుపముక్కలు బెల్లంతో పులియబెట్టిన నల్లరంగుతో గీసిన రామాయణాలు, స్థలపురాణాలు. కొన్ని తెరల మీద బొమ్మల పక్కనే తెలుగు అక్షరాలుంటాయి, కొన్నిటి మీద తమిళం. పిల్లలకు తెలుగు అక్షరాలు నేర్పడానికి ఇంతకంటే మంచి వాచకం మాకు తట్టలేదు. ఇది రాముడు, ఇది సీత అని బొమ్మే చెబుతుంది. పక్కనున్న గీతల్లో 'రా' ఎక్కడుందో వెతకమంటే చాలు. అక్షరం ఆటైపోతుంది. పాత రాత కొంచెం కష్టమే, కానీ పిల్లలకు వెతకడమే సరదా.

ఇక తెలుగులో చదవవలసినవి. ముళ్లపూడి వెంకటరమణ 'కోతి కొమ్మచ్చి' ఆయన ఆత్మకథే, కానీ బాపు అనే చిత్రకారుడు ఎలా తయారయ్యాడో తెలుసుకోవడానికి దాన్ని మించింది లేదని మా అభిప్రాయం. మద్రాసు బడి, మద్రాసు వీధులు, ఆంధ్రపత్రిక ఆఫీసు, జేబులో కాణీ లేని రోజులు, వాటి మధ్య ఒక స్నేహం. తెలుగువాళ్లంతా అందమైన అమ్మాయిని 'బాపు బొమ్మ' అంటారు కదా, ఆ బొమ్మలు పుట్టి పెరిగింది మద్రాసులో. మనం తెలుగుకు అంచున ఉన్నామని దిగులుపడే పిల్లలకు ఈ ఒక్క సంగతి చెప్పండి. పెద్దలెవరైనా పైకి చదివి వినిపిస్తే, తెలుగు చదవడం రానివాళ్లు కూడా పడీ పడీ నవ్వే పుస్తకం అది.

సంజీవదేవ్ (1914–1999) పుస్తకాలు దీనికి పూర్తిగా వేరే తరహా. తెనాలి దగ్గర తుమ్మపూడి ఆయన ఊరు. హిమాలయాలదాకా తిరిగి, కులూలో నికోలస్ రోరిక్ దగ్గర ఉండి, మళ్లీ ఊరికి వచ్చి కూర్చుని కళ గురించి జీవితమంతా రాశారు. 'తెగిన జ్ఞాపకాలు' ఆయన ఆత్మకథల్లో ఒకటి. రంగు గురించి, రేఖ గురించి తెలుగులో ఎలా మాట్లాడాలో నేర్పుతుంది. ఇంట్లో తెలుగు వంటకీ, తిట్టుకీ మాత్రమే మిగిలిపోతోందని బాధపడేవాళ్లకు ఇది మందు.

కర్ణాటకలో ఉన్నవాళ్లు శివరామమూర్తి 'విజయనగర పెయింటింగ్స్' తెచ్చుకుని హంపీకి, అక్కణ్నుంచి సరిహద్దు దాటి లేపాక్షికి వెళ్లిరండి. లేపాక్షి పైకప్పు మీద ఆడవాళ్ల చీర అంచులు చూస్తే మన అమ్మమ్మల పెట్టెలు గుర్తొస్తాయి. ఒడిశావాళ్లకు జె.పి. దాస్ 'పూరీ పెయింటింగ్స్' (1982) ఉంది. స్నానపూర్ణిమ తర్వాత జగన్నాథుడు దర్శనమివ్వని రోజుల్లో ఆయన బదులు పూజలందుకునే పటాన్ని వేసే చిత్రకారుల గురించి చదివితే, పక్కింటివాళ్ల దేవుణ్ని ఇంకొంచెం దగ్గరగా చూసినట్టుంటుంది.

'వీటిలో చాలావరకు ఇంగ్లీషువే, ఖరీదు కూడా ఎక్కువ కదా' అనేవాళ్లున్నారు. నిజమే. అయితే పెళ్లిళ్లలో, గృహప్రవేశాల్లో మనం ఇచ్చి పుచ్చుకునే వెండి కుంకుమ భరిణెల్లో ఎన్ని బీరువా దాటి బయటికొస్తున్నాయి? నలుగురు అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు కలిసి ఒక పుస్తకం కొని ఇళ్లు మార్చుకుంటూ చదవొచ్చు. తంజావూరు సరస్వతీ మహల్, చెన్నై కన్నెమరా లాంటి పాత గ్రంథాలయాలున్నాయి, అక్కడ అడగొచ్చు. భాష సంగతంటారా, ఇంగ్లీషు పిల్లలు చదువుతారు, బొమ్మలో ఉన్న కథ పెద్దవాళ్లు తెలుగులో చెబుతారు. రెండు తరాలకూ చెరొక పని దొరుకుతుంది.

కొనేటప్పుడు ఒక్కటి చూసుకోండి. నున్నటి కాగితం మీద బొమ్మలు పరిచి, 'అద్భుతం, అపూర్వం' అని పొగిడి వదిలేసేవి వద్దు. వేసినవాడు ఎవరు, ఏ ఊరు, రంగు దేనితో చేశాడు, కూలి ఎవరిచ్చారు, వీటిలో రెండింటికైనా జవాబు చెప్పే పుస్తకమైతే తెచ్చుకోండి. అది చదివాక మీ ఇంటి పటాన్ని గోడ మీంచి దించి, వెనక్కి తిప్పి చూడండి. పేరో, తేదీయో, అద్దం బిగించిన కొట్టు చీటీయో ఉంటే రాసిపెట్టుకోండి. వంశచరిత్రలో రాయలవారి దండు తర్వాతి పేజీ దానికి కేటాయించండి.