బదిలీ కేసుల్లో మన గూడెం పిల్లల తరఫున ఎవరు?



నేను చదివిన గూడెం బడికి ఒక్కడే సారు. నేను మూడో తరగతిలో ఉన్నప్పుడు ఆయనకు బదిలీ అయింది. ఆయన జాగాలో రావాల్సిన సారు కోర్టుకు పోయి స్టే తెచ్చుకున్నడు. పాత సారు పోయిండు, కొత్త సారు రాలే. కేసు తేలేదాకా మేం బడికి పోవుడు, మధ్యాహ్నం అన్నం తినుడు, ఇంటికి వచ్చుడు. కేసులో ఒక దిక్కు సారు, ఇంకో దిక్కు ప్రభుత్వం. మేము ఏ దిక్కూ లేం.

టీచర్లు కోర్టుకు పోవద్దని నేను అనను. 2021 డిసెంబర్‌లో తెలంగాణలో జీవో 317 వచ్చింది. సీనియారిటీ చూసి టీచర్లను కొత్త జిల్లాలకు పంచారు, స్థానికతను పక్కన పెట్టారు. సొంత జిల్లా పోగొట్టుకున్నోళ్లు హైకోర్టుకు పోయారు. అది వాళ్ల హక్కు. 2023లో సంఘాల నాయకులకు, భార్యాభర్తలకు అదనపు పాయింట్లు ఎందుకని మళ్లీ కేసులు పడ్డాయి. స్టే వచ్చి బదిలీలు నెలల తరబడి ఆగాయి.

ఈ కేసుల్లో కోర్టు ఏం చూస్తుందో మనం తెలుసుకోవాలె. బీహార్ ప్రాథమిక పాఠశాల టీచర్ల బదిలీలపై శిల్పి బోస్ కేసులో 1991లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. బదిలీ అయ్యే ఉద్యోగంలో ఉన్నవారికి ఒకే చోట ఉండే హక్కు లేదు. చట్టబద్ధమైన నిబంధన ఉల్లంఘనో, దురుద్దేశమో ఉంటే తప్ప కోర్టులు జోక్యం చేసుకోవద్దు. అంటే వాదన అంతా టీచరు హక్కుకు, ప్రభుత్వ అధికారానికి మధ్యనే. టీచరు పోయాక ఆ బడిలో పిల్లల సంగతేందని అడిగేటోళ్లు ఉండరు.

పిల్లలకు మాత్రం చట్టం లేదా? ఉంది. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం ప్రాథమిక బడిలో 60 మంది దాకా పిల్లలుంటే ఇద్దరు టీచర్లు ఉండాలె. ఖాళీలు మంజూరైన పోస్టుల్లో 10 శాతం దాటొద్దు. 1996 పెసా చట్టం సామాజిక రంగాల సంస్థల మీద, అందులో పనిచేసే ఉద్యోగుల మీద అదుపును గ్రామసభకు, పంచాయతీలకు ఇవ్వాలన్నది. బడి సామాజిక రంగం కాదా?

జీవో 3 సంగతి గుర్తు చేసుకోండి. షెడ్యూల్డ్ ప్రాంతాల బడుల్లో టీచరు పోస్టులు 100 శాతం స్థానిక గిరిజనులకే అని 2000లో వచ్చిన జీవో అది. ఊరి మనిషి టీచరైతే మన భాషలో పాఠం చెప్తడు, మైదానానికి బదిలీ కోసం ఎదురుచూడడు. 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. అప్పుడు మనం రోడ్డెక్కినం. కానీ అన్నేళ్లు ఆ కేసు నడుస్తున్నదని నాలాంటోళ్లకు తెలియనే తెలియదు. తీర్పు వచ్చినాక నినాదం ఇచ్చుడు కాదు, వాదన నడుస్తున్నప్పుడే కోర్టులో మన మాట ఉండాలె.

చదువుకున్న మనం చేయగల పనులు మూడు ఉన్నయి. ఒకటి, సమాచార హక్కు కింద మీ మండలంలో మంజూరైన పోస్టులెన్ని, పనిచేసేటోళ్లు ఎందరు, డిప్యుటేషన్ మీద వేరే చోట ఉన్నోళ్లు ఎందరో అడగండి. రెండు, బడి యాజమాన్య కమిటీలో నాలుగింట మూడు వంతులు తల్లిదండ్రులే. కమిటీతో, గ్రామసభతో ఒక్క తీర్మానం చేయించండి: బదులు టీచరు చేరినాకనే ఉన్న టీచరును రిలీవ్ చేయాలె. మూడు, బదిలీల మీద కేసు పడ్డదని తెలిస్తే ఆ తీర్మానం పట్టుకుని లీగల్ సర్వీసెస్ అథారిటీకి పోండి. ఎస్టీలకు అక్కడ ఉచిత న్యాయ సహాయం ఉంది. మమ్మల్ని కూడా కేసులో చేర్చుకోమని పిటిషన్ వేయండి.

కోర్టు ఒప్పుకోకపోవచ్చు. అయినా ఆ బడి పేరు, పిల్లల లెక్క జడ్జి ముందుకు పోతది. సారుకు సంఘం ఉంది, సర్కారుకు ప్లీడర్ ఉన్నడు. మన పిల్లలకు మనమే ఉన్నం.

జై ఆదివాసీ!